చింతపండుతో తోమిన పైపు

అమ్మకు, ఇక్కడ అందరం బాగున్నాం. అత్త పక్కనుంటే ఫోనులో చెప్పలేక కార్డు రాస్తున్నాను.

వంటింటి రాగి పైపుకు చిల్లుపడింది. గోడ పగలగొట్టి మొత్తం మార్చాలన్నాడు ప్లంబరు. అది చనిపోయిన మామ తన చేత్తో వేసిన పైపని అత్త రెండు రోజులు అన్నం ముట్టలేదు. చివరికి చిల్లు వరకే కోసి ప్లాస్టిక్ పైపు కలిపితే, జాయింటు కారుతూనే ఉంది. చూస్తే రాగి చివర పచ్చటి చిలుము! నువ్వు పూజ చెంబు తోమినట్టు చింతపండు, ఉప్పు పెట్టి తోమి, కడిగి, మళ్ళీ బిగించమన్నాను. ఇప్పుడు చుక్క కారడం లేదు.

ఇన్నేళ్ళూ "మీయమ్మ నీకేమి నేర్పిచ్చినాది?" అన్న మనిషి, "ఇది మీయమ్మ నేర్పిచ్చిందేనా?" అంది.

ఎర్రావు ఈనిందా? నాన్న మోకాలు ఎలా ఉంది? కంబైనల్లూరులో అందరినీ అడిగానని చెప్పు. కొత్త చింతపండు పంపించు. అత్తే అడగమంది.

నీ మునిలక్ష్మి, ధర్మపురి