మూడో బొత్తాం

మార్చి 4
ఇవాళ దొంగతనం చేశాను, మా ఇంట్లోనే. అమ్మ ట్రంకు పెట్టెలోంచి అన్నయ్య చొక్కా తీసి బ్యాగులో కుక్కుకున్నాను. కాలేజీ గొడవల్లో పోలీసు దెబ్బలకి అన్నయ్య పోయినప్పుడు నాకు ఆరేళ్ళు. ఆ గొడవల మీదే ఇప్పుడు మేం సినిమా తీస్తున్నాం. కాస్ట్యూమ్స్ నావి. నలభై ఏళ్ళ కిందటి కాలరే కావాలని డైరెక్టర్ ప్రాణం తోడేస్తున్నాడు. ఈ నెల పద్దెనిమిది అన్నయ్య పోయిన రోజు. ఏటా ఆ రోజే అమ్మ పెట్టె తెరుస్తుంది. ఈలోగా పెట్టేస్తే సరి.

మార్చి 9
హీరోకి పదకొండు కాపీలు. టేకుకో చొక్కా, రక్తం రంగు పడితే మళ్ళీ పనికిరాదు. టీ డికాక్షన్‌లో నానబెట్టాం, కాలర్ అంచుల్ని గరుకు కాగితంతో రుద్దాం. అన్నయ్య చొక్కాకి మూడో బొత్తాం వేరే రంగు. అదీ వదల్లేదు నేను. డైరెక్టర్ శభాష్ అన్నాడు. సిగ్గులేకుండా పొంగిపోయాను.

మార్చి 16, ఉదయం 11
కొంప మునిగింది. నా టేబుల్ మీద విడిగా ఉన్నదీ కాపీయే అనుకుని డ్రెస్సర్ పన్నెండింటినీ ఇస్త్రీ చేసి ఒకే రాక్‌కి తగిలించాడు. అతన్ని తిట్టడానికి నోరు రాలేదు. రేపు తీసుకెళ్దాం, రేపు తీసుకెళ్దాం అని బద్ధకించింది నేనే. ఏది అన్నయ్యదో పోల్చుకోలేకపోయాను. వాసన చూశాను. అన్నీ ఇస్త్రీ వాసనే. నా పనితనం తగలెయ్య!

మధ్యాహ్నం 2
లాఠీఛార్జ్, నాలుగో టేక్. మూడు వందల మంది జూనియర్ ఆర్టిస్టులు ఎండలో పరిగెడుతున్నారు. కట్ అన్నప్పుడల్లా హీరోకి తడిసిన చొక్కా విప్పి ఇంకోటి తొడగాల్సింది నేనే. ఆపమంటే ఎందుకో చెప్పాలి. ఆపమనలేదు.

3.40
ఏడు టేకులు. ఓకే అన్నాడు. శుభ్రంగా మిగిలినవి ఐదు.

మార్చి 17
అన్నం సహించలేదు. జ్వరమేమోనని అమ్మ నా నుదురు పట్టుకు చూసింది.

మార్చి 18
పెట్టె తెరవకముందే అమ్మకి అంతా చెప్పేశాను. పన్నెండు చొక్కాలూ ముందు పెట్టాను. ఒక్క దెబ్బేసినా బాగుండేది. అసలది అన్నయ్యదే కాదు అంది. వాడి ఒంటి మీది చొక్కా పోలీసులు తిరిగి ఇవ్వనే లేదట. అన్నయ్య చొక్కా ఏదని నేను వారం రోజులు అన్నం ముట్టకుండా ఏడిస్తే, దర్జీ చేత అలాంటిదే కుట్టించిందట. మూడో బొత్తాం మాత్రం తనే కుట్టిందట. మరి ఇన్నేళ్ళూ ఆ పెట్టె ముందు కూర్చుని ఏడ్చిందెందుకే అని అరిచాను. నువ్వు నమ్మావుగా, నిన్ను చూసి నేనూ నమ్మడం మొదలెట్టాను అంది.

మార్చి 19
రక్తం బాగా అంటిన చొక్కా ఒకటి ఏరుకుని అమ్మ పెట్టెలో పెట్టుకుంది. అది ఉత్త రంగు అన్నాను. తెలుసంది. ఉతకొద్దంది.