ఓయివా కుర్కి పతకం ఓయివా కుర్కికి

కోట్కా రేవు,
జూలై 24, 1984

సవోన్లిన్న వాస్తవ్యులు, కెప్టెన్ ఓయివా కుర్కి గారికి,
ఓయివా కుర్కి టోపీ తీసి రాసుకుంటున్న విన్నపం.

పై వాక్యం చదివి కంగారు పడకండి. నా మతి బాగానే ఉంది. మనిద్దరిదీ ఒకే పేరు కావడం మన తల్లిదండ్రుల పని. ఆ తర్వాత జరిగింది మాత్రం హెల్సింకిలో ఉన్న మన మద్యవిముక్తి సంఘం ఆఫీసువాళ్ళ నిర్వాకం.

నేను ఇక్కడ రొట్టెల బట్టీలో పనిచేస్తాను. ఒకప్పుడు రొట్టెల వ్యాను నడిపేవాణ్ణి. తాగి దాన్ని చర్చి ప్రహరీ గోడలోకి నడిపాక నన్ను లోపల పొయ్యి దగ్గర నిలబెట్టారు. పొయ్యి కదలదు కాబట్టి ఎవరికీ ప్రమాదం లేదు. ఏప్రిల్‌లో తాగుడు మానేశాను. ఆ మాట మా ఆవిడ తైమితో చెబితే, "మానేశానని నువ్వు చెప్పడం నాకు కొత్త కాదులే. ఇంకెవరైనా చెబితే అప్పుడు చూద్దాం" అంది. అందుకని మూడు నెలలూ నిండగానే సంఘంవాళ్ళు పంపే పతకం కోసం కళ్ళు కాయలు కాచేలా ఎదురుచూశాను.

నిన్న పొట్లం వచ్చింది. తనే విప్పితే నమ్మకం కుదురుతుందని, కాఫీ తాగుతున్న తైమి ముందు అలాగే పెట్టాను. విప్పింది. లోపల వెండి పతకం, ఆకుపచ్చ రిబ్బను. దాని మీద 'పాతిక సంవత్సరాలు' అని చెక్కి ఉంది.

తైమి చాలాసేపు దాన్ని తిప్పి తిప్పి చూసింది. "పాతికేళ్ళా? పోయిన ఏడు మధ్యవేసవి పండగనాడు టోపీతో సహా సముద్రంలో పడింది ఎవరు, మీ తాతా?" అంది. ఈ పతకం ఏ పాతసామాన్ల సంతలో కొన్నానో చెప్పమని నిలదీసింది.

పొట్లంలోని కాగితం మీద మీ చిరునామా ఉంది. అంటే నా మూడు నెలల పతకం మీకు వచ్చి ఉంటుంది. దయచేసి దాన్ని పంపండి. మీది ఎక్కడికి పంపమంటే అక్కడికి పంపుతాను.

మీ పేరు పెట్టుకున్న,
ఓయివా కుర్కి

తా.క.: తప్పే గానీ, మీ పతకం ఒక్కసారి మెడలో వేసుకుని అద్దంలో చూసుకున్నాను. ఎంత ప్రయత్నించినా పాతికేళ్ళ కిందట మానేసినవాడి ముఖం పెట్టడం నాకు చేతకాలేదు.



సవోన్లిన్న,
ఆగస్టు 1

కోట్కాలోని ఓయివా కుర్కికి,

నీ ఉత్తరం అందింది. నీ పతకం నాకు వచ్చిన మాట నిజమే. ప్రస్తుతం దాన్ని పంపే వీలు లేదు. నాది కూడా నీ దగ్గరే ఉండనీ, తొందరేమీ లేదు.

నేను సరస్సు మీద ఆవిరి పడవ నడిపి రిటైరయినవాణ్ణి. పెద్ద పెద్ద ఉత్తరాలు రాయడం రాదు. మీ ఆవిడకు విడిగా ఒక కాగితం రాసి జతచేశాను. అందులో ఓయివా కుర్కి నిజంగానే మానేశాడనీ, నమ్మదగిన మనిషనీ రాశాను. అది చూపించు, చాలు.

ఇట్లు,
ఓయివా కుర్కి

తా.క.: మా సరస్సు చిన్నచేపలు పొగబెట్టి పంపుతున్నాను. ముళ్ళు తీయక్కర్లేదు, తలతో సహా తినేయొచ్చు.



కోట్కా,
ఆగస్టు 12

గౌరవనీయులైన కెప్టెన్ గారికి,
బట్టీ ఓయివా నమస్కారాలు.

మీరు ఎంతో మంచి మనసుతో రాసిన కాగితం నా కొంప ముంచింది.

తైమి కళ్ళజోడు పెట్టుకుని మొత్తం చదివింది. చివర సంతకం చూసింది. మళ్ళీ మొదటికి వచ్చింది. "ఇది ఎవరు రాశారు? ఓయివా కుర్కి. ఎవరి గురించి రాశారు? ఓయివా కుర్కి గురించి. ఓయివా కుర్కి నమ్మదగిన మనిషని ఓయివా కుర్కి హామీ ఇస్తున్నాడు. బాగుంది. ఎడమచేత్తో రాశావా?" అంది. కవరు మీద సవోన్లిన్న ముద్ర చూపించాను. రైల్లో గార్డుగా పనిచేసే నా స్నేహితుడితో అక్కడ పోస్టు చేయించానట. ఇంత తెలివి ఉంటే వ్యాను గోడకెందుకు కొట్టానని కూడా అడిగింది. 

ఇక్కడి మా సంఘం గ్రూపులో ఈ సంగతి చెప్పాను. "పాతకాలపు పెద్దలు అంతే. ఆయన నీ ఓపికను పరీక్షిస్తున్నాడు" అన్నారందరూ. అదే నిజమైతే నేను సిద్ధం. కాకపోతే పరీక్ష ఎన్నాళ్ళో చెబితే ఓపిక పట్టడం తేలిక.

ఒక మాట చెప్పాలి. శుక్రవారం జీతం అందగానే నా కాళ్ళు వాటంతట అవే సర్కారు మద్యం దుకాణం వైపు తిరుగుతాయి. మొన్న సందు మొగదాకా వెళ్ళాను. జేబులో మీ పతకం చేతికి తగిలింది. ఇంత బరువైన దాన్ని పెట్టుకుని అక్కడికి వెళ్ళడానికి సిగ్గేసి వెనక్కి వచ్చేశాను. ఆ రోజుకి మీ పాతికేళ్ళు నేను వాడుకున్నట్టే. మీకు ఇలాంటి శుక్రవారాలు ఎప్పుడో పోయి ఉంటాయి. ఆ హాయి ఎలా ఉంటుందో ఒక్క ముక్క రాస్తే ఇక్కడ మాకు ధైర్యంగా ఉంటుంది.

మీ విధేయుడు,
ఓయివా కుర్కి

తా.క.: చేపలు తైమి ఒక్కతే తినేసింది. "ఇవి పంపినవాడెవరో గానీ చాలా మంచివాడు. నువ్వు మాత్రం కాదు" అంది. మీరంటూ ఒకరున్నారని మా ఇంట్లో మొదటిసారి ఒప్పుకోవడం ఇదే.



సవోన్లిన్న,
ఆగస్టు 23

ఓయివా కుర్కికి,

పరీక్షా లేదు, గిరీక్షా లేదు. నిన్ను పరీక్షించడానికి నేనెవర్ని?

శుక్రవారాలు పోవు. పోయాయని ఎవరైనా చెబితే నమ్మకు. జీతం అందగానే చేపల రేవు మీదుగా ఇంటికి వెళ్ళు, కాస్త చుట్టయినా సరే. చేతులు ఖాళీగా ఉంచకు. రెండు చేతుల్లోనూ వేడి రొట్టెలు పట్టుకున్నవాడు ఏ దుకాణం తలుపూ తెరవలేడు.

చిన్న పతకం గురించి ఇప్పుడే అడక్కు.

ఓయివా కుర్కి

తా.క.: ఆఫీసుకి ఫిర్యాదు రాశాను. తమ దగ్గర ఓయివా కుర్కి ఒక్కడే ఉన్నాడనీ, ఇంకొకడు ఉన్నట్టయితే ఇద్దరూ కలిసి సంతకం పెట్టి తెలియజేయాలనీ జవాబు వచ్చింది. ఇద్దరం సంతకం పెడితే వాళ్ళకి ఏమర్థమవుతుందో ఆలోచించు.



కోట్కా,
సెప్టెంబరు 8

కెప్టెన్ ఓయివా కుర్కి గారికి,

ఈసారి టోపీ తీయడం లేదు.

మీకు రావలసిన ఇంకో కాగితం నాకొచ్చింది. ఈ నెలాఖరున కోట్కా కార్మికుల భవనంలో సంఘం సభ ఉందట. పాతికేళ్ళ నిగ్రహం గురించి ఓయివా కుర్కి ప్రసంగిస్తారట. నేను కాదని చెప్పేలోపే ఊరంతా పోస్టర్లు అంటించేశారు. మా యజమాని అందరి ముందూ నా చెయ్యి పట్టుకుని ఊపి, "పాతికేళ్ళా! మరి ఆ వ్యాను?" అని ఆగిపోయాడు. పాపం, ఇంకా లెక్క తేలక బుర్ర గోక్కుంటున్నాడు.

తైమి కిరాణా కొట్టు గోడ మీద పోస్టరు చూసింది. ఈసారి అరవలేదు. అదే భయమేసింది. "ఇంట్లో అబద్ధం ఆడితే ఎలాగో ఇన్నాళ్ళూ భరించాను. ఇప్పుడు గోడల మీద అచ్చువేయించి మరీ ఆడుతున్నావు" అని, పెట్టె సర్దుకుని హామినాలో ఉన్న వాళ్ళ అక్క ఇంటికి వెళ్ళిపోయింది.

ఆ శుక్రవారం నేను చేపల రేవు మీదుగా వెళ్ళలేదు. దుకాణం లోపలికే వెళ్ళాను. వరసలో నిలబడ్డాను. నా ముందున్నావిడ రోజూ మా బట్టీలో రొట్టెలు కొనే మనిషే. వెనక్కి తిరిగి, "అయ్యో, పోస్టర్లో ఉన్నది మీ పేరే కదండీ! మీరేమిటి ఇక్కడ?" అంది. వరసలోవాళ్ళంతా నన్నే చూశారు. "ఉపన్యాసానికి అందరినీ పిలుద్దామని వచ్చాను" అన్నాను. నలుగురు వస్తామని మాట కూడా ఇచ్చారు. బయటికొచ్చి ఆ మెట్ల మీదే కూర్చుండిపోయాను.

ఇప్పుడు చెప్పండి. ఆ అల్యూమినియం ముక్కతో మీకేం పని? వెండి పతకాలు అందుకునేవారు మీరు. మాలాంటివాళ్ళు కింద కొట్టుకుంటుంటే పైనుంచి చూడటం మీకు సరదాగా ఉందా? అది మీకు బిళ్ళ. నాకు అది నా మూడు నెలలు. వాటి కోసం నేనేం పడ్డానో మీరు మరిచిపోయి ఉంటారు.

ఓయివా కుర్కి

తా.క.: ఇది కోపంలో రాశాను. చల్లబడ్డాక తిరగరాద్దామనుకున్నాను గానీ అప్పటికే స్టాంపు అంటించేశాను.



సవోన్లిన్న,
సెప్టెంబరు 15

ఓయివా,

నీ కోపం న్యాయమైనదే. నేను నాలుగుసార్లు రాసి చించేసిన ఉత్తరం ఇది.

మొన్న ఏప్రిల్‌లో, సరస్సు మీద మంచు విడుతున్న వారంలో, నేను తాగాను.

దానికి ముందు ఏదో ఘోరం జరిగిందని అనుకుంటావేమో. ఏమీ జరగలేదు. ఎవరూ చావలేదు, ఎవరూ నన్ను తిట్టలేదు. ఎండ బాగా కాసింది. నా సంగతి తెలియని కొత్త పొరుగాయన తన పడవకి రంగు వేస్తూ ఒక బీరు సీసా నా చేతికిచ్చాడు. మంచినీళ్ళు పుచ్చుకున్నట్టు పుచ్చుకున్నాను. అంతే. ఆ పైన వారం దాటిందాకా ఇంట్లోంచి బయటికి రాలేదు. ఫ్లూ జ్వరమని కబురు పంపాను. తర్వాత ఎలాగో ఆపాను. ఆపిన పొద్దున నిలబడి చొక్కా బొత్తాలు పెట్టుకోలేకపోయాను. అందుకని నువ్వేం పడ్డావో నేను మరిచిపోలేదు. నువ్వు పడుతున్న రోజుల్లోనే నేనూ పడ్డాను.

ఇక్కడ చర్చి హాలులో ప్రతి గురువారం మా గ్రూపు కూర్చుంటుంది. కొత్తవాళ్ళు నా వైపు చూసి, ఈ ముసలాయన నిలబడ్డాడు కదా, మనమూ నిలబడతాం అనుకుంటారు. వాళ్ళకి నేనే కాఫీ పోస్తాను. ఏప్రిల్ తర్వాత కూడా పోశాను. ఒకమ్మాయి ఆరు వారాలు నిండాయని ఏడుస్తుంటే భుజం తట్టాను. అప్పటికి నాకు ఆమె కంటే తక్కువే నిండాయి. ఆ సంగతి హాలులో నాకొక్కడికే తెలుసు.

జూలైలో ఆఫీసు నుంచి కవరొచ్చింది. పాతిక సంవత్సరాల పతకమని విప్పడానికి కూడా భయపడ్డాను. విప్పితే లోపల మూడు నెలల పతకం, దాని మీద నా పేరు. వేళ్ళ మీద లెక్కపెట్టాను. సరిగ్గా ఉంది.  ఎవరికో తెలుసు అనుకున్నాను. నేను చెప్పకపోయినా తెలుసుకుని, కోప్పడకుండా, నాకు రావలసినంతే కొలిచి పంపారనుకున్నాను. మా చర్చికి క్రిస్మస్‌కి తప్ప వెళ్ళనివాణ్ణి, ఆ రోజు మాత్రం ప్రార్థన చేశాను.

తర్వాత వారం నీ ఉత్తరం వచ్చింది. అది గుమాస్తా పొరపాటని తెలిసింది. అయినా పంపడానికి చేతులు రాలేదు. వెండిది తీసుకుంటే అబద్ధం ఆడినట్టు. చిన్నది ఇచ్చేస్తే నా దగ్గర ఏమీ మిగలనట్టు. అందుకే నీకు చేపలు పంపాను.

నీ ఉత్తరం వచ్చిన గురువారమే హాలులో నిలబడి అంతా చెప్పేశాను. ఎవరైనా లేచి వెళ్ళిపోతారనుకున్నాను.  మా పై అంతస్తులో ఉండే హిల్యా అనే ముసలామె, "హమ్మయ్య, చెప్పావు. జ్వరం వచ్చినవాడు అన్ని పాటలు పాడతాడా, కెప్టెన్? నువ్వే చెబుతావని ఏప్రిల్ నుంచి కాచుకుని ఉన్నాం. ఇక కాఫీ పొయ్యవయ్యా" అంది. పోశాను. సగం పళ్ళెంలో పడింది.

కోట్కా సభకి నేను వస్తాను. పాతికేళ్ళ గురించి మాట్లాడను. ఐదు నెలల గురించి అయితే కాస్త తెలుసు. ముందురోజే వచ్చి, నువ్వు తోడొస్తే హామినా వెళ్ళి తైమి గారికి నీ పతకం నా చేతులతో ఇస్తాను. నాకూ మూడు నెలలది ఒకటి ఇమ్మని ఆఫీసుకి రాశాను. ఓయివా కుర్కి ఇప్పటికే పుచ్చుకున్నాడు, ఒక మనిషికి ఒక్కటే అని జవాబిచ్చారు. పోనీ. నీది నీకే ఉండాలి.

ఒక సాయం కావాలి. ఇక్కడ అందరికీ నేను కెప్టెన్నే. నేను మొదలుపెట్టిన వారంలోనే మొదలుపెట్టినవాడు నువ్వొక్కడివే. శుక్రవారాలు నాకూ వస్తాయి. ఆ రోజు నీకు రెండు ముక్కలు రాయనిస్తావా? జవాబు ఆలస్యమైనా ఫరవాలేదు.

ఇంకొకటి. నన్ను 'మీరు' అనడం మానెయ్యి. ఒకే తరగతిలో చేరినవాళ్ళం, మన మధ్య ఇన్ని మర్యాదలెందుకు? మా కాలంలో 'మీరు' నుంచి 'నువ్వు'లోకి రావాలంటే ఇద్దరూ గ్లాసులు తగిలించి తాగాలి. మనం కోట్కా స్టేషన్‌లో కాఫీ కప్పులు తగిలిద్దాం.

నీ,
ఓయివా

తా.క.: హామినాలో తలుపు నేనే తడతాను, నువ్వు రెండు మెట్లు కింద నిలబడు. తైమి గారు "ఎవరూ?" అని అడిగితే నిజమే చెబుతాను. ఆ తర్వాత ఆవిడ ఏం విసిరినా ముందు నాకే తగులుతుంది.