జోన్ రాసిన ప్రోగ్రాం

క్రాన్‌బర్న్,
ఫిబ్రవరి 2000.

ఫుర్కాన్ గారికి బాను సలాం. నా ఆరోగ్యానికి లోటేమీ లేదు. మీరూ, అత్తమ్మా, అలీజా చల్లగా ఉండాలని రోజూ దువా చేస్తున్నాను.

అమ్మీ కంప్యూటరుతో తెలుగులో మాట్లాడుతుందా అని అలీజా అడిగిందట. దానికి కోబాల్ అనే భాషే వచ్చని చెప్పండి. ఉత్త అంకెలతో కాక మాటలతో యంత్రానికి పని చెప్పాలని నలభై ఏళ్ల కిందట ఆ భాషను తయారుచేశారు. చేసినవాళ్లలో ఆడవాళ్లూ ఉన్నారు.

నేను పనిచేసే ఇన్సూరెన్స్ కంపెనీలో ఆ భాషలో మొదటి ప్రోగ్రాం రాసింది జోన్ అనే పెద్దావిడ. అప్పట్లో కంప్యూటరుకి వివరాలెక్కించే అట్టకార్డులో చోటు చాలక సంవత్సరానికి రెండే అంకెలు పెట్టారట. రెండువేలొస్తే యంత్రం దాన్ని 1900 అనుకుని లెక్కలు తప్పుతాయని, రిటైరైన ఆవిడను మళ్లీ పిలిపించారు. ఏడాదిపాటు ఆవిడ పక్కన కూర్చుని అదంతా సరిచేశాను. కొత్త సంవత్సరం వచ్చింది, ఏమీ కాలేదు. అందరూ చప్పట్లు కొట్టారు. ఆ వారంలోనే ఈ పనికోసం నాతో వచ్చినవాళ్లందరినీ వెనక్కి పంపేశారు, నన్ను తప్ప.

ఈద్‌కి ఎందుకు రాలేదని రాశారు. సెలవడిగాను. నన్ను ఇక్కడికి తెచ్చిన ఏజెంటు గోపాలరావు గారు నవ్వారు. "నువ్వెళ్తే ఆ పాత కోడ్ ఎవరు చూస్తారమ్మా? క్లయింటు నిన్నే అడుగుతున్నాడు. వీసా మన కంపెనీ పేరు మీదుంది, గుర్తుందిగా?" జావా అనే కొత్త కంప్యూటరు భాషలో పని ఇస్తామన్న ఇంకో ఆఫీసుకీ వెళ్లనివ్వలేదు. నలుగురం ఉన్న ఇంట్లో ఇప్పుడు నేనూ, ఫ్రిజ్ చప్పుడూ.

పోయిన వారం జోన్ గారి చివరి రోజు. టీ తాగుతూ చెప్పారు: "పెళ్లవగానే నన్ను ఉద్యోగం మానిపించారు. అప్పట్లో అదే రూలు. నా కోడ్ ఎవరికీ అర్థంకాక మళ్లీ పిలిచారు, రోజుకూలీ మీద. నాకెంత గర్వమో! పిలిచినప్పుడల్లా వచ్చాను. నా కూతురి కాన్పుకి కూడా వెళ్లలేదు." నా చెయ్యి పట్టుకున్నారు. "నువ్వు లేకపోతే పని ఆగిపోతుందంటారు, బానూ. అది పొగడ్తనుకోకు."

ఇంతసేపూ రాయలేకపోయిన మాట ఇది. సోమవారం రాజీనామా ఇచ్చేశాను. గోపాలరావు గారు కేకలేశారు. వీసా రద్దవుతుంది, త్వరలోనే దేశం వదలాలి. ఇక్కడ స్థిరపడదామన్న మన ఆశ కూడా పోయినట్టే. అడిగితే వద్దంటారని మిమ్మల్ని అడగలేదు. ఫోన్లో చెబుదామనుకున్నాను. మీ గొంతు వినగానే వాతావరణం గురించి మాట్లాడి పెట్టేశాను.

మీరు కాలేజీ ఉద్యోగం మానేసి ఇక్కడికి వచ్చేస్తానని రాశారు. ఇంకా మానకపోతే మానకండి. మానేసి ఉంటే ఎంతైనా కోప్పడండి. కానీ హైదరాబాదు ఎయిర్‌పోర్టుకి మాత్రం రండి. బయట మీరు లేరంటే ఆ గుమ్మం దాటి రావడం నా వల్ల కాదు.

ఇట్లు,
మీ భార్య,
బాను