వరస అడిగినందుకు

జూన్ 9

ఫీల్డ్ అంటే ఎక్కడో కొండల్లో, భాష తెలియని మనుషుల మధ్య ఉంటుందనుకునేదాన్ని. నా ఫీల్డ్ మా చిన్నాయన ఇల్లు. తిరువళ్లూరులో రైలెక్కి తిరుత్తణిలో దిగితే, అక్కడి నుంచి ఆటోలో అరగంట కూడా పట్టదు.

శ్రీనివాసులు చిన్నాయన మా నాయనకు పినతండ్రి కొడుకు. చెరుకు, వేరుశనగ వేస్తాడు. మనవాళ్ల చుట్టరికాల మీద పిహెచ్‌డీ అని చెబితే, దానికి కూడా డాక్టర్ పట్టా ఇస్తారా, అట్లయితే మా అమ్మకు ఎప్పుడో ఇచ్చుండాల అన్నాడు. పిన్ని నాకు ముందు గది ఖాళీ చేసి ఇచ్చింది. ఇన్‌సైడర్‌ని. నాకన్నా సులువుగా ఎవరికి దొరుకుతుంది డేటా?

జూన్ 14

మెథడ్ పాతదే. ఒక్కొక్కరినీ కూర్చోబెట్టి వాళ్ల వంశం అడగాలి. ఫలానా వాళ్లు నీకేమవుతారు, ఏమని పిలుస్తావు అని అడగాలి. మనుషులు చుట్టరికం గురించి ఏం నమ్ముతారో ఆ పిలుపుల్లోనే బయటపడుతుందని మా గైడ్ మేడమ్ అంటుంది.

ఈ రోజు మీనాంబ అవ్వ, చిన్నాయన వాళ్లమ్మ. ఎనభై దాటినా నోరు గలగల పారుతుంది. ఒక్క చోట మాత్రం ఆగింది. మామగారికి ఒక తమ్ముడు ఉండినాడు, పోయినాడు అంది. చచ్చిపోయాడా, ఊరు వదిలి పోయాడా అని అడిగితే, సుమ్మా ఊరకుండు, కాఫీ చల్లారిపోతాంది అంది. ఎన్నిసార్లు అడిగినా కాఫీయే.

వంశవృక్షం చార్టులో అక్కడ క్వశ్చన్ మార్కు పెట్టాను. అది నన్ను పీకుతోంది.

జూన్ 21

రమ్యశ్రీ పెళ్లి ఆవణి నెలలో, అంటే ఆగస్టు చివర. చిన్నాయన ఒక్కగానొక్క కూతురు. తిరువళ్లూరులో స్కాన్ సెంటర్ రిసెప్షన్‌లో కూర్చుంటుంది. అబ్బాయి జయకుమార్‌ది పొన్నేరి దగ్గర పల్లె, కాట్టుపల్లి పోర్టులో కాంట్రాక్ట్ ఉద్యోగం. పెద్దలు కుదిర్చిన సంబంధమే కానీ రోజూ రైల్లో వస్తూ పోతూ అతనితో ఫోన్లు. అక్కా, ఆయనకు మాట్లాడేది రాదు, నేను మాట్లాడతా ఉంటే ఊ కొడతాడు, అదే నాకు బాగుండాది అంది.

ఇది నోట్స్‌లో రాయలేదు. ఇక్కడే రాస్తున్నాను.

జూన్ 30, సాయంత్రం 6

దొరికింది!

జయకుమార్ వాళ్లమ్మ సుందరవల్లి పెళ్లిచీర రంగు మాట్లాడడానికి వచ్చింది. వచ్చినావిడను నేను వదులుతానా. మీ ఆయన తరఫు చెప్పండత్తా అన్నాను. ఆవిడ మామూలుగానే చెప్పుకుంటూ వచ్చింది. ఆయన తాత ఇల్లటం అల్లుడుగా వచ్చినాడు, అత్తగారింటి పేరే పెట్టుకున్నాడు, ఆయనది మీ తిరుత్తణి పక్కనే అని, ఊరి పేరు చెప్పకుండా ఆపింది.

నా బుర్రలో దీపం వెలిగింది. వెంటనే అవ్వ వైపు తిరిగి, అందరి ముందూ అడిగాను. మీ మామగారి తమ్ముడు పోయినాడన్నావే, ఇల్లటం పోయింది వీళ్లింటికేనా? అట్లయితే జయకుమార్ రమ్యకు ఏమవుతాడు?

అవ్వ కాఫీ గ్లాసు అందుకుంది. పిన్ని లేచి వంటింట్లోకి పోయింది. కాఫీకి వచ్చిన పక్కింటి పెద్దమ్మ వేళ్ల మీద లెక్కపెట్టి, అన్నవుతాడు కదమ్మే అంది.

సుందరవల్లి గ్లాసు కింద పెట్టి, చీర సంగతి ఎత్తకుండానే వెళ్లిపోయింది.

అన్నదమ్ముల బిడ్డలు ఎన్ని తరాలైనా అన్నాచెల్లెళ్లే అన్న నియమం పుస్తకంలో చదివాను. అది నా కళ్ల ముందు ఒక హాల్లో దిగి కూర్చుంది. రికార్డర్ ఆన్‌లోనే ఉంది. మేడమ్‌కు మెయిల్ పెట్టాను. సంతోషంగా ఉంది. ఇది ఎవరూ చదవరు కాబట్టి రాస్తున్నాను, చాలా సంతోషంగా ఉంది.

జూలై 2

వాళ్ల వైపు నుంచి ఫోన్. ఇప్పటికి ఆపుదాం అన్నారు.

చిన్నాయన అన్నం ముందు కూర్చుని లేచిపోయాడు. రమ్య డ్యూటీ నుంచి వచ్చి ఎవరినీ ఏమీ అడగకుండా బట్టలు ఉతుక్కుంది. నన్ను ఎవరూ ఒక్క మాట అనలేదు. పిన్ని ఎప్పటిలాగే నాకు మొదటి దోసె వేసింది. తిట్టి ఉంటే తినగలిగేదాన్ని.

జూలై 3

మేడమ్ జవాబు వచ్చింది. ఇదే నీ ముఖ్యమైన చాప్టర్, అక్కడే ఉండు, ఏం జరుగుతుందో అబ్జర్వ్ చెయ్యి అంది.

జూలై 5

రమ్య నా గదికి వచ్చి, ఆ రోజుది రికార్డు ఉందా, వినాల అంది. ఇయర్‌ఫోన్స్ ఇచ్చాను. ఒకటి తను పెట్టుకుని ఒకటి నాకిచ్చింది.

పక్కింటి పెద్దమ్మ అన్నవుతాడు అంటుంది. తర్వాత గ్లాసు చప్పుడు. తర్వాత ఒక గొంతు, ఇంటరెస్టింగ్ అంటుంది. నాదే. అలా అన్నట్టు నాకు గుర్తే లేదు. నోట్స్‌లో కూడా రాయలేదు. అందరూ మాట్లాడింది అక్షరం పొల్లు పోకుండా ఎక్కించాను, నా మాట ఒక్కటి వదిలేశాను.

రమ్య ఇయర్‌ఫోన్ తీసేసి, నవ్వినావు గదక్కా, గొంతులో తెలుస్తాంది అంది. కోపంగా కూడా అనలేదు.

జూలై 6

సిగ్గుగా ఉంది.

జూలై 12

పొన్నేరి పోయాను. ఎవరికీ చెప్పలేదు. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడానికి.

దారంతా వాదన సిద్ధం చేసుకున్నాను. ఇల్లటం పోయినవాడు ఆ ఇంటి మనిషే, పేరు మారింది, దినాలు వాళ్లకే పెట్టాడు, అందుకే పుట్టింటి వరస అతనికి అంటదు. వాదన నాది కాదు. నిన్న అవ్వ మీద విసుక్కుంటే ఆవిడ చెప్పిందే. నేను దాన్ని ఇంగ్లీషులోకి మార్చుకుని వచ్చానంతే.

సుందరవల్లి వరండాలో చాప వేసింది. మజ్జిగ ఇచ్చింది. అంతా విని, ఇదంతా నాకు తెలీదా పాపా అంది. పెళ్లిచూపులకు రాకముందే తెలుసు. మీ అవ్వకూ తెలుసు. మేమిద్దరం ఒకరి మొగం ఒకరం చూసుకుని ఊరకుండినాము. పిల్లోళ్లకు కుదిరింది, మూడు తరాలు దాటింది, ఇంకేం అని. పలకకుండా ఉంటే లేనట్టే. నువ్వు నలుగురిలో పలికిస్తివి. ఇప్పుడు నా ఆడబిడ్డలు, తోడికోడళ్లు, అన్నకు చెల్లిని కట్టినావని రేపు నా కోడల్నే ఏడిపిస్తారు. విన్నది విననట్టు ఎట్లుండేది, నువ్వే చెప్పు.

చార్టులో ఆ క్వశ్చన్ మార్కు ఖాళీ కాదు. ఇద్దరు ఆడవాళ్లు కలిసి ఎంతో జాగ్రత్తగా కట్టిన గోడ. డేటా లేదనుకుని తన్ని కూల్చాను.

మజ్జిగ గ్లాసు కడగబోతే ఆవిడ లాక్కుంది. బస్సు వరకూ వచ్చింది. ఒక దోవ ఉండాది, మీ చిన్నాయన ఒప్పుకోవల్ల అంది.

జూలై 20

ఆ దోవ ఇది. రమ్యను వాళ్ల మేనమామ, పిన్ని తోడబుట్టిన చెంగయ్యకు దత్తత ఇవ్వాలి. అప్పుడు ఇంటిపేరు మారుతుంది, వరస మారుతుంది, ఎవరి నోరూ లేవదు. మనవాళ్లలో ఇది కొత్తేమీ కాదు. అయితే పీటల మీద చెంగయ్య, వాళ్లావిడ కూర్చోవాలి. కన్యాదానం వాళ్లదే. చిన్నాయన, పిన్ని ఆ పెళ్లికి చుట్టాలు.

పిన్ని ఏడ్చింది. రమ్య నాకీ పెళ్లి వద్దు నాయనా అంది. చిన్నాయన మాత్రం, పేరు మారితే నా బిడ్డ కాకుండా పోతుందా, చెయ్యండి అన్నాడు. అని మోటార్ వేసి రావాలని చేని వైపు పోయాడు. కరెంటు లేదని అందరికీ తెలుసు.

ఆగస్టు 11

శుభలేఖలు వచ్చాయి. అంతా తమిళంలోనే. చెంగయ్య గారి కుమార్తె రమ్యశ్రీ.

కింద ఎక్కడో, బంధుమిత్రుల వరుసలో, చిన్నాయన పేరు ఉంది.

ఆగస్టు 19

మేడమ్ చాప్టర్ అడుగుతోంది. పేర్లు మారిస్తే ఎథిక్స్‌కు సరిపోతుంది అంటుంది. ఏ పేరు మార్చాలి? ఆ పిల్లకు ఇప్పటికే ఒకసారి మార్చాం.

ఇంకో నిజం కూడా రాయాలి. చాప్టర్ సగం అయిపోయింది. బాగా వచ్చింది. పొన్నేరి నుంచి తిరిగొచ్చిన వారమే మొదలుపెట్టాను. సిగ్గుపడుతూనే రాశాను, రాసింది చదువుకుని మురిసిపోయాను కూడా.

ఈ రోజు చిన్నాయనతో చెప్పేశాను. మీరు వద్దంటే చించేస్తాను అన్నాను. వద్దంటాడని ఆశపడ్డాను. ఆయన, రాసుకోమ్మా, జరిగింది ఎట్లా జరిగె, నీ చదువు ఏంటికి పాడు కావల్ల అన్నాడు.

భారం ఆయన మీద పెట్టి పోదామనుకున్నాను, ఆయన దాన్ని కూడా మోయడానికి సిద్ధపడ్డాడు.

ఆగస్టు 30, తిరుత్తణి, కల్యాణ మండపం

ముహూర్తం అయింది. చెంగయ్య అల్లుడి కాళ్లు కడిగాడు. పిన్ని నా పక్కన కూర్చుని, చెయ్యి పట్టుకుని, ఒత్తుతూనే ఉంది. చిన్నాయన హాల్లో లేడు. వెతికితే కింద భోజనాల దగ్గర రసం బకెట్ పట్టుకుని వడ్డిస్తున్నాడు. మేళం గట్టిగా మోగింది. ఆయన గరిటె ఆగింది. మళ్లీ, రసం కావాలా అని పక్క ఆకు దగ్గరికి పోయాడు.

రికార్డర్ ఇంట్లోనే వదిలేశాను. అదేదో గొప్ప పని చేసినట్టు పొద్దున అనుకున్నాను.

ఆగస్టు 31

అప్పగింతల్లో పెద్దవాళ్లు అందరూ వినేట్టు కొత్త వరస పెట్టి పిలవమన్నారు. రమ్య వంగి చిన్నాయన కాళ్లకు దండం పెట్టి, పోయొస్తా మామా అంది. చిన్నాయన తడబడకుండా, మంచిది కోడలా అన్నాడు.

మొన్నంతా చేలో ఒక్కడే ఆ మాట అనుకుంటూ తిరిగినాడని పిన్ని చెప్పింది.