డుబిలింతను ఎలా వాడాలి?

3వ తేదీ
నిఘంటువు ఆఫీసువారికి నమస్కారాలు.
నేను ఇస్త్రీ దుకాణం నడుపుతాను. పోయిన వారం మీ నిఘంటువు కొన్నాను. అందులో ‘డుబిలింత’ అనే మాట చూశాను. తాళం వేశామో లేదో అని సగం దారిలో పట్టుకునే అనుమానమట. ఇస్త్రీపెట్టె ఆపానో లేదో అని ఇరవై ఏళ్ళుగా నేను వెనక్కి పరిగెత్తేది దీనివల్లేనన్నమాట! పేరు తెలిశాక ప్రాణం కుదుటపడింది. కానీ మా వీధిలో ఈ మాట ఎవరూ ఎరగరు. వాక్యంలో ఎలా పెట్టాలో చెప్పండి.
ఇట్లు,
ఇస్త్రీ దుకాణం ఆవిడ.
తా.క. డుబిలింత వస్తుందా, పడుతుందా, ఎక్కుతుందా?

6వ తేదీ
అమ్మా,
ఆ మాట బయట ఎవరూ వాడరు. మీరూ వాడకండి. ఇంతకన్నా చెప్పలేను.
ఇట్లు,
ఉపసంపాదకుడు.

9వ తేదీ
అయ్యా,
నాకు కాళ్ళూ చేతులూ ఆడడం లేదు. అది బూతుమాటా? ముందే చెప్పొద్దూ! మా వియ్యపురాలితో “వదినగారూ, మీకు డుబిలింత జాస్తి” అనేశాను. ఆవిడ మురిసిపోయింది కూడా. మందుల షాపాయన “డుబిలింత పట్టి మాత్రలు రెండుసార్లు చూశానమ్మా” అంటున్నాడు. పంతులమ్మ పిల్లలచేత సొంతవాక్యాలు రాయిస్తోంది. ఇప్పుడు ఎవరి నోరని మూయించను?
కంగారులో ఉన్న,
ఇస్త్రీ దుకాణం ఆవిడ.
తా.క. ఎంత పెద్ద బూతో రాయండి. దాన్నిబట్టి క్షమాపణ చెప్పుకుంటాను.

13వ తేదీ
అమ్మా తల్లీ,
మీకు దణ్ణం పెడతాను, ఆపండి. అది బూతు కాదు, అసలు మాటే కాదు. నేనే పుట్టించాను. మా పుస్తకాన్ని ఎవరైనా మక్కీకి మక్కీ దించేస్తే దొరికిపోతారని పెట్టిన ఉచ్చు. పోటీ ప్రచురణవాళ్ళు డుబిలింతతో సహా దించేశారు. ఇరవై ఎనిమిదిన కోర్టులో విచారణ. ‘వీధిలో జనం అంటుంటే విని రాసుకున్నాం’ అని వాళ్ళ వాదన. మీ వీధి సంగతి తెలిసిందా, కేసూ పోతుంది, నా ఉద్యోగమూ పోతుంది. ఆ పుస్తకం కోసం పదకొండేళ్ళు కూర్చున్నాను. నాకు చాలా భయంగా ఉంది. ఇది చదివి చింపెయ్యండి.
ఇట్లు,
ఉపసంపాదకుడు.
తా.క. పోస్టు పెట్టెదాకా వెళ్ళి, మీ చిరునామా రాశానో లేదో అని మళ్ళీ ఆఫీసుకి వచ్చి చూసుకున్నాను. దీన్ని ఏమంటారో నేను అనను.

17వ తేదీ
అయ్యా,
కొంప మునిగింది. వాళ్ళ లాయరు బట్టలు మా దుకాణానికే వస్తాయి. ఇవాళ మా కోడలు ఆయన ఎదురుగానే “అత్తయ్యా, డుబిలింతగా ఉంది, లాయరుగారి కోటు సంచిలో పెట్టానా?” అంది. ఆయన కళ్ళు మెరిశాయి. నన్ను సాక్షిగా పిలిపిస్తాడట.
ఇట్లు,
మీ పాలిట శని.
తా.క. కోటు ఇంకా నా దగ్గరే ఉంది. మాడ్చెయ్యనా?

20వ తేదీ
అమ్మా,
మాడ్చకండి. అబద్ధమూ చెప్పకండి. మా యజమాని నన్ను కోర్టు ఛాయలకి రావద్దన్నారు. సొరుగు ఖాళీ చేసుకుంటున్నాను.
ఇట్లు,
ఉపసంపాదకుడు (ఇరవై ఎనిమిదిదాకా).
తా.క. కోటు సంగతి మరోసారి ఆలోచించండి.

28వ తేదీ
బాబూ,
సొరుగు మళ్ళీ సర్దుకో. వాళ్ళ లాయరు “మీ వీధిలో ఈ మాట అంటారా?” అని అడిగాడు. “అందరూ అంటారు” అన్నాను. వాళ్ళవైపు అందరూ నవ్వారు. అప్పుడు మీ లాయరు “ఎప్పట్నుంచి?” అన్నాడు. “పోయిన నెలాఖర్లో నేను వీళ్ళ పుస్తకం కొన్నప్పట్నుంచి” అన్నాను. దొంగ పుస్తకం అచ్చయ్యి అప్పటికే ఏడాది! నువ్వు చింపమన్న ఉత్తరం చింపేశాను. మొదటిది చింపమనలేదుగా, సంచిలోంచి తీసి ఇచ్చాను. ‘ఆ మాట బయట ఎవరూ వాడరు’ అని జడ్జిగారు పైకి చదివారు. మరి మీరు ఏ వీధిలో విన్నారని అడిగితే వాళ్ళ లాయరు కాగితాలు సర్దేసుకున్నాడు. మనం గెలిచాం. జడ్జిగారు తలుపుదాకా వెళ్ళి, కళ్ళజోడు బల్లమీద మరిచారేమోనని వెనక్కి వచ్చారు. అది ముక్కుమీదే ఉంది. “డుబిలింత” అని గొణుక్కుంటూ వెళ్ళిపోయారు.
ఇట్లు,
మీ సాక్షి.
తా.క. ఇక అది నిజం మాటైపోయింది, దొంగలకి కొత్త ఉచ్చు కావాలిగా. నా దగ్గర ఒక మాట ఉంది. ఉత్తరంలో మాత్రం రాయను.