ఇంకో సీజన్ వద్దు మామయ్యా

యార్క్‌టన్,
ఏప్రిల్ నెల

ఒరెస్ట్ మామయ్యకు,

క్లబ్బు వాళ్లు నిన్ను ఇంకో సీజన్ ఐస్ హాకీ ఆడమంటున్నారని అమ్మ చెప్పింది. నువ్వు సంతకం పెట్టేలోపు ఈ ఉత్తరం నీకు చేరాలి.

పెరట్లో తాతయ్య వేడినీళ్లు పోసి మంచును నున్నగా గడ్డకట్టించిన చలికాలాలు గుర్తొస్తున్నాయి. పిల్లలందరూ గోల్ కొట్టాలని ఎగబడితే నువ్వు మాత్రం గోల్‌లోకి దూసుకొచ్చే పక్ అనే ఆ రబ్బరు బిళ్లకు అడ్డం పడుకునేవాడివి. వంటింటి కిటికీలోంచి అమ్మమ్మ కేకలు వేసేది: "పడుకోరా ఒరెస్ట్! నిలబడి దానికి దండం పెడతావా?" రాత్రికి కాపడం పెట్టేదీ ఆమే. బడి మానేసి జట్టుతో వెళ్లిపోతూ నువ్వు నాతో, "మనింట్లో ఒక్కరైనా తలకాయ వాడాలి కదే, నాది హెల్మెట్ తగిలించుకోవడానికే" అన్నావు. కాలేజీలో చేరిన రోజు ఆ మాటే తలుచుకుని నవ్వుకున్నాను.

ఇన్నేళ్లలో నువ్వు కొట్టిన గోల్స్ కొన్నే. ఆపినవాటిని మనింట్లో తప్ప ఎవరూ తలుచుకోరు.

మొన్న ఈ సీజన్‌లో నీ చివరి మ్యాచ్ టీవీలో చూశాం. పక్ మోకాలికి తగిలి పడిపోయావు. ఒంటికాలి మీద లేచి మళ్లీ దానికే ఎదురు వెళ్తుంటే అమ్మమ్మ కుర్చీలోంచి లేచి, "వద్దురా నాయనా, పోనీరా, గోల్ పడనీ!" అని అరిచింది. ఆమె నోట ఆ మాట నేనెప్పుడూ వినలేదు.

తర్వాత ఏమీ జరగనట్టే బంగాళాదుంపలు తరుగుతూ కూర్చుంది. ఆట మానమని నీకు రాస్తానంటే, "వాడి ఆట వాడిది, మధ్యలో నువ్వెవరే? వాడికి చెప్పావంటే ఊరుకోను" అంది.

ఆమె నిన్ను ఎప్పటికీ అడగదు. అందుకే నేను అడుగుతున్నాను. నీ కాళ్ల మీద నువ్వు నడిచి రాగలిగినప్పుడే ఇంటికి వచ్చేయ్ మామయ్యా.

నీ మేనకోడలు