ఆరింటికి అమ్మ బయటికొస్తుంది

తమ్ముడు ఈనక్‌కు, ఇక్కడ అందరం కులాసా. మూడేళ్ళ కిందట మన వీధిలో తీసిన నవ్వుల మూకీ సినిమా ఈ వారం రోజూ సాయంత్రం చర్చి హాల్లో ఆడుతోంది. అల్లరి మూక పోలీసును బాతుల గుంటలోకి తోస్తుంది చూడు, అదే. అంతా వేషమని తెలియక అమ్మ ఇంట్లోంచి చీపురు పట్టుకుని ఉరికింది, గుర్తుందా? "మీ చేతులు పడిపోను! ఆయన్ని పైకి లాగండ్రా!" అంది. తడిసిన వేషగాడికి వేడి టీ కూడా పోసింది. అమ్మ చీపురుతో ఉరికిన ఆ ముక్కను సినిమా వాళ్ళు తీసెయ్యలేదు. మాట వినపడదుగానీ, పెదవులు చూస్తే ప్రతి తిట్టూ తెలుస్తోంది.

నేను పంపిన ఉన్ని మేజోళ్ళు సరిపోయాయా? పిల్లలకు ముద్దులు.

అమ్మను పూడ్చిన రోజు, ఒక్క ఫొటో అయినా లేదని ఏడ్చావు. గనిలో సెలవడిగి వచ్చెయ్. శనివారం దాకా అమ్మ రోజూ ఆరింటికి బయటికొస్తుంది.

నీ అక్క హెస్టర్